అరంగుళం

మూడు వారాల ఈ వ్యవహారాన్ని మధ్యవర్తి గుండీలక్క పద్ధతిలో కుదించి చెప్పుకుంటే ఇంతే. బస్సు కండక్టర్ల కోసం కుట్టిన ఆరువందల నలభై కోట్లకి చేతులు పొట్టిగా వచ్చాయి. మాకొద్దని బస్సు కంపెనీ ఉత్తరం రాసింది. ఇరవై ఆరేళ్ళుగా ఆ కార్ఖానాలో కత్తెర పట్టిన కటింగ్ మాస్టారిని యజమాని ఒక్క పూటలో గేటు బయట నిలబెట్టాడు. కొత్తగా మేనేజరైన తన అల్లుడి మీద కోపంతో మాస్టారు కావాలనే పొట్టిగా కోశాడని యజమాని అంటాడు. చవక గుడ్డ కొన్నారు, ఇస్త్రీ ఆవిరికి ముడుచుకుంది, నా కత్తెర తప్పేం లేదని మాస్టారు అంటాడు.

కోర్టుకెక్కితే ఇద్దరి వయసూ చాలదు కాబట్టి మధ్యవర్తిని పెట్టుకుందామనుకున్నారు. గుండీలక్కను ఇద్దరూ ఒకేసారి ఒప్పుకున్నారు. వీధి మలుపులో ముప్పై ఒక్క ఏళ్ళు గుండీలు, దారాలు, జిప్పులు అమ్మి, ఏడాదిన్నర క్రితం దుకాణం మూసేసిన మనిషి ఆవిడ. ఇద్దరూ ఆమె దగ్గర బేరమాడి ఓడిపోయినవాళ్ళే. ఇద్దరినీ సమానంగా ఓడించిన మనిషి కంటే తటస్థంగా ఉండేవాళ్ళు ఎక్కడ దొరుకుతారు?

ఇవాళ సాయంత్రం అయిదింటికి గడువు. ఆలోగా ఒకే కాగితం మీద ఇద్దరి సంతకాలూ పడితే సరే. పడకపోతే వ్యవహారం తీర్పరికి పోతుంది. మధ్యవర్తి నచ్చచెప్తుంది, తీర్పు చెప్పదు. తీర్పరి నచ్చచెప్పడు, తీర్పు చెప్పేసి లేచిపోతాడు. దాని మీద అప్పీలు లేదని ఇద్దరూ ముందే రాసిచ్చారు. తీర్పరి చూసేది కాగితాలే, ఆ కాగితాలన్నీ మాస్టారికి వ్యతిరేకంగానే ఉన్నాయి.

*

"చెల్లెమ్మా, నేనింక ఒక్క మెట్టు కూడా దిగను," అన్నాడు యజమాని.

"దిగకండి అన్నయ్యా. దిగీ దిగీ మీరు ఇంకా మేడమీదే ఉన్నారు," అంది గుండీలక్క, కుర్చీలో కూర్చోకుండానే. ఇవాళ ఆ ఆఫీసు గదికి రావడం అది తొమ్మిదోసారి. వరండాకి ఈ చివర యజమాని, ఆ చివర శాంపిల్ గదిలో మాస్టారు. మధ్యలో ఇరవై రెండు అడుగులు. మోకాళ్ళకి ఆ లెక్క బాగా తెలుసు.

"ఇవ్వాల్సిందంతా ఇస్తానన్నాను. ఇరవై ఆరేళ్ళ సర్వీసుకి మెచ్చుకుంటూ ఉత్తరం కూడా రాసిస్తానన్నాను. నాకు కావలసింది రెండే మాటలు. పొరపాటు నాది. అంతే. అది చూపిస్తే బస్సు కంపెనీ ఇంకో అవకాశం ఇస్తుంది."

"రెండు మాటలకి మూడు వారాలు పట్టిందంటే అవి చిన్న మాటలు కావు కదా."

"మరి ఇదేంటి?" యజమాని బల్ల మీదున్న కోటును ఆమె వైపు తోశాడు. ముదురు నీలం కోటు, ఇత్తడి గుండీలు. బస్సు కంపెనీ గోదాము నుంచి పట్టుబట్టి తెప్పించింది గుండీలక్కే. ఎవరూ చూడని కోటు గురించి ఎన్నాళ్ళు కొట్టుకుంటారని. "అది వచ్చిందిగా ఇవాళ. కొలుచుకో."

సొరుగులోంచి తన ఇనుప టేపు తీసి, భుజం కుట్టు దగ్గర పెట్టి, ముంజేతి దాకా లాగాడు. ఇరవై అయిదు అంగుళాలు ఉండాలి. ఇరవై నాలుగున్నర కూడా లేదు.

కండక్టర్లు రోజంతా చెయ్యెత్తి పైకడ్డీ పట్టుకుంటారు. పాత కోట్లు ముంజేతి మీదికి ఎగదన్నుతున్నాయని ఈసారి చెయ్యి ఒక అంగుళం పొడుగు అడిగారు. అడిగిందే ఆ ఒక్క అంగుళం. అందులో సగానికి పైగా రాలేదు.

"ఇప్పుడిది చూడు." యజమాని చెకింగ్ రిజిస్టరు తెరిచాడు. "పంపే ముందు కొలిచి రాసింది. ఇరవై అయిదు, ఇరవై అయిదు, ఇరవై అయిదు. రాసిందెవరు? వాడి మేనకోడలు. మేనమామ కోస్తాడు, మేనకోడలు ముద్దర వేస్తుంది. కార్ఖానా నాది, కాపురం వాళ్ళది!"

పక్కన నిలబడ్డ అల్లుడు మెల్లగా దగ్గాడు. ఇస్త్రీ మడత నలగని చొక్కా, చేతిలో ఎప్పుడూ ఒక ఫైలు. "ఆవేశపడకండి మామయ్యా. ఆంటీ, మేం అమ్మాయి మీద యాక్షన్ తీసుకోలేదు. ఆయన ఒప్పుకుంటే అసలు తీసుకోం కూడా. అది మాస్టారికి చెప్పచ్చు మీరు. నా పర్మిషన్ ఉంది."

పర్మిషన్ అన్న మాట గుండీలక్క పెట్టిన రూలు నుంచి వచ్చింది. ఒక గదిలో చెప్పిన మాట, చెప్పినవాళ్ళ అనుమతి లేకుండా రెండో గదికి పోకూడదు. మొదటిరోజే ముగ్గురూ ఆ కాగితం మీద సంతకాలు చేశారు. అదే కాగితంలో ఇంకో వాక్యం కింద గుండీలక్క ఒక్కతే సంతకం చేసింది. ఈ తగాదాతో తనకి ఏ సంబంధమూ లేదని.

కోటును చేతి మీద వేసుకుని ఆమె బయటికి నడిచింది. ఒకటి, రెండు, మూడు. కింద కుట్టు మెషిన్లు ఒక్కటిగా మోగుతున్నాయి. ముప్పై ఒక్క ఏళ్ళలో ఆమెకి ఇంత మొండి బేరం తగల్లేదు. దుకాణంలో అయితే నచ్చనివాడు మెట్లు దిగిపోయేవాడు, ఆమె ఇంకొకడికి అమ్ముకునేది. ఇక్కడ ఇద్దరూ మెట్లు దిగరు, అమ్మాల్సిన సరుకు కూడా తనది కాదు. ఒకరి కోపం మోసుకెళ్ళి ఇంకొకరి దగ్గర దింపడం, అక్కడ ఇంకాస్త బరువెక్కించుకుని తిరిగి రావడం. పద్దెనిమిది, పంతొమ్మిది. చీర కుచ్చెళ్ళు కాలికి తగిలి విసుగ్గా ఎగదోసుకుంది.

*

శాంపిల్ గదిలో తలలేని బొమ్మల మధ్య మాస్టారు నిటారుగా కూర్చుని ఉన్నాడు. మెడలో తన పాత టేపు. కాలంతో పాటు అంకెలు అరిగి, అంచులు మెత్తబడ్డ గుడ్డ టేపు. పనిలో లేకపోయినా అది వేసుకునే వచ్చాడు మూడు వారాలుగా.

"ఏమంటాడక్కా మహారాజు?"

"దిగనంటాడు. నువ్వేమంటావ్?"

"నేను ఎక్కిందెప్పుడు, దిగడానికి?" అన్నాడు మాస్టారు. "ఆ డబ్బులు వద్దు, ఆ మెచ్చుకునే ఉత్తరమూ వద్దు. ఖాళీ చేతులతో పంపినా పోతాను. ఆ రెండు మాటలు మాత్రం రాయను. ఈ వీధిలో నాలుగు కార్ఖానాలు. నాలుగింట్లోనూ కత్తెర పట్టినవాళ్ళు నా దగ్గర నేర్చుకున్నవాళ్ళే. పొరపాటు నాదని రాసిచ్చాక వాళ్ళ ముందుకి ఏ మొహం పెట్టుకుని వెళ్ళమంటావ్?"

"అయితే ముందు ఇది చూడు. ఆ మొహం సంగతి తరవాత చూద్దాం."

మాస్టారు కోటును అందుకున్నాడు. ఒక నిమిషం ఏమీ కొలవలేదు. పసిబిడ్డను ఎత్తుకున్నట్టు రెండు చేతుల మీద వేసుకుని, గుడ్డను వేళ్ళతో రాసి చూశాడు. చెయ్యి లోపలికి తిప్పి అస్తరు బయటికి లాగాడు. అక్కడ ఆగాడు.

"ఏంటి?" అంది గుండీలక్క.

"పైగుడ్డ ముడుచుకుంటే లోపలి అస్తరు వదులై బుడగల్లా పొంగాలి." అతని గొంతు తగ్గింది. "పొంగలేదక్కా. సాఫీగా ఉంది."

కుట్టు అంచు విప్పి చూశాడు. అక్కడ చిన్న గాటు, కొంచెం వాలుగా. తన కత్తెర గాటు తనకి తెలియకపోతే ఎవరికి తెలుస్తుంది? మెడలోంచి పాత టేపు తీసి భుజం నుంచి ముంజేతి దాకా పెట్టాడు. రెండోసారి పెట్టాడు. మూడోసారి కళ్ళజోడు తీసి, తుడిచి, పెట్టుకుని మరీ పెట్టాడు. మూడుసార్లూ ఇరవై నాలుగున్నరకి ఇవతలే.

"గుడ్డ తప్పు కాదు," అన్నాడు. "కోతే పొట్టి. నేనే పొట్టిగా కోశాను."

గుండీలక్క కోటు అస్తరును లోపలికి సర్దింది. ఇలాంటప్పుడు మాట్లాడకూడదని బేరాలు నేర్పాయి ఆమెకి. కానీ ఈ మౌనం బేరం మౌనంలా అనిపించలేదు.

"జోడు మార్చమని మూడేళ్ళుగా మా ఆవిడ గోల. నేనే వినలేదు. గీత గీసేటప్పుడు ఒకటికి రెండు కనిపిస్తున్నాయని ఎవరికీ చెప్పలేదు." అతను నవ్వబోయాడు, కుదరలేదు. "ఇరవై ఆరేళ్ళు అందరి కొలతలూ తీశాను. నా కళ్ళు ఎక్కడిదాకా వచ్చాయో కొలుచుకోలేదు. ఆ పిల్ల మాత్రం ఏం చేస్తుంది? మేనమామ తప్పు కోస్తే ఎలా అని, ఉన్నది రాయలేక ఇరవై అయిదు అని రాసుంటుంది. నా కోసం అబద్ధం రాసుంటుంది."

"దాని మీద చర్య ఏమీ ఉండదట. అది చెప్పమన్నాడు అల్లుడు."

"అయితే ఆ కాగితం ఇలా ఇవ్వక్కా."

"తొందరేం లేదు. ఇంకా ముప్పావుగంట ఉంది."

"ముప్పావుగంటలో నా కళ్ళు బాగుపడతాయా ఏంటి? ఇవ్వు."

మూడు వారాలుగా ఆమె కాళ్ళరిగేలా తిరిగింది ఈ క్షణం కోసమే. మాస్టారు 'పొరపాటు నాది' అని తన చేతితో రాసి, కింద సంతకం పెట్టాడు. అక్షరాలు వణకలేదు. కలం మూత పెట్టి, కాగితాన్ని అంచులు కలిసేలా మడిచి, ఆమె చేతిలో పెట్టాడు. గెలిచినట్టు అనిపించాలి. పంటి కింద రాయి తగిలినట్టుంది.

గుమ్మం దాకా వెళ్ళి వెనక్కి తిరిగింది. ఎందుకు అడిగిందో ఆమెకే తెలీదు. సరుకు ఇచ్చేసే ముందు చివరిసారి సంచిలో చెయ్యిపెట్టి చూసుకునే అలవాటు కావచ్చు.

"ఆ చెయ్యి కోతకి కొత్త కొలత అట్ట గీసిన రోజు, ఈ టేపుతోనేనా గీసింది?"

"ఇది కాదు. ఇంటి టేపు కార్ఖానాలో వాడొద్దని అల్లుడు ఆర్డరేశాడుగా. పాతవన్నీ పోగుచేసి పారేయించి, అందరికీ కొత్తవి పంచాడు. దాంతోనే గీశాను. మిగతా కోటంతా పాత అట్టలతోనే కోసింది."

"మరి సోమవారం కొలత?"

సోమవారం కొలత ఆ కార్ఖానాకే ఉన్న అలవాటు. కోత బల్లకి ఒక ఇత్తడి గజంబద్ద దిగ్గొట్టి ఉంటుంది. ప్రతి సోమవారం మొదటి మెషిన్ తిరిగే ముందు ప్రతివాళ్ళూ తమ టేపును దాని పక్కన పరిచి చూపించాలి. సాగిన టేపును మాస్టారు అక్కడికక్కడే ముక్కలు చేసేవాడు.

"అది కూడా ఆపించాడు. పాతికమందికి అరగంట దండగట. నేనూ గట్టిగా అడగలేదక్కా. సాగేది పాత టేపు. కొత్త టేపు ఎక్కడైనా సాగుతుందా? కొత్తదాన్ని ఎవరు అనుమానిస్తారు?"

"ఎలా ఉంటాయి ఆ కొత్తవి?"

"పసుపుపచ్చవి. అంచున సన్నగా ఎర్ర గీత."

గుండీలక్క గుమ్మం పట్టుకుంది.

పసుపుపచ్చ, ఎర్ర గీత. ఆ రంగులు ఆమెకి ఎంత బాగా తెలుసంటే, కళ్ళు మూసుకుంటే ఆ డబ్బా ఏ అరలో ఉండేదో కూడా కనిపిస్తుంది. పై అర, కుడి మూల. ఒక తిరుగుడు సరుకువాడు సగం ధరకి అంటగట్టి పోయిన రెండున్నర డజన్ల టేపులు. సగం ధర అనగానే అనుమానమొచ్చి ఆమె ఒకటి తీసి కొలిచి చూసింది. అరవై అంగుళాలని అచ్చేసిన చోట నిజానికి యాభై ఎనిమిదిన్నరే ఉంది. అచ్చులోనే దగా. వాడొచ్చినప్పుడు మొహాన కొడదామని డబ్బాను పైకెక్కించింది. వాడు మళ్ళీ రాలేదు.

దుకాణం మూసే రోజు ఈ అల్లుడు వచ్చాడు. మిగిలిన జిప్పులన్నీ కొంటానని రెండు గంటలు పీక్కుతిన్నాడు. బేరం తెగాక, కొసరు ఏదీ ఆంటీ అన్నాడు. కొసరు లేకుండా కదలనన్నాడు. ఆమెకి కాళ్ళు లాగుతున్నాయి, తలుపులు మూసే వేళవుతోంది. స్టూలెక్కి చేతికందిన డబ్బా తీసి వాడి సంచిలో పడేసింది. పీడ విరగడైతే చాలనుకుంది. ఆ డబ్బాలో ఏముందో మర్చిపోయిందా? మర్చిపోలేదు. ఆ క్షణంలో గుర్తు చేసుకోలేదు, అంతే. ఆ రెండింటికీ తేడా ఎంతో ఆమెకి తెలుసు. అరంగుళం.

"ఏంటక్కా, నీరసంగా ఉందా? మంచినీళ్ళు తాగుతావా?" అన్నాడు మాస్టారు. కాసేపటి క్రితం తన పరువు రాసిచ్చేసిన మనిషి, ఆమె కోసం కూజా వంచుతున్నాడు.

"వద్దు," అంది.

*

వరండాలో పదకొండో అడుగు దగ్గర అల్లుడు ఎదురయ్యాడు.

"పెట్టేశాడా?" అన్నాడు, ఆమె చేతిలోని కాగితం చూసి. "అబ్బ! ఆంటీ, మీరు మామూలు మనిషి కాదు. ఇలా ఇవ్వండి, మామయ్య చేత ఇప్పుడే సంతకం పెట్టిస్తాను."

ఆమె కాగితం ఇవ్వలేదు. "పసుపు టేపులు వాడుతున్నారట కదా కింద."

అతని మొహంలో నవ్వు అలాగే ఉంది కానీ కళ్ళలోంచి దిగిపోయింది. వెనక్కి చూసి, ఆఫీసు తలుపు మూసి ఉందని చూసుకుని, ఒక అడుగు దగ్గరికొచ్చాడు.

"మీకూ గుర్తొచ్చిందా?"

మీకూ అన్నాడు. ఆ ఒక్క అక్షరం చాలు ఆమెకి.

"నీకు ఎప్పట్నుంచి తెలుసు?"

"నాలుగు రోజులు. కోటు తెప్పించమన్నారు కదా. ఎందుకైనా మంచిదని ఒక టేపు కొలిచి చూశాను."

"మీ మామగారికి చెప్పలేదేం?"

"ఏమని చెప్పను? సోమవారం కొలత ఆపించింది నేను. పాత టేపులు పారేయించింది నేను. ఈ కొత్తవి తెచ్చింది నేను." అతను గొంతు మరీ తగ్గించాడు. "ఇచ్చింది మీరు."

కింద మెషిన్లు మోగుతూనే ఉన్నాయి.

"చూడండి ఆంటీ, మీరు లెక్క తెలిసిన మనిషి. ఆయనకి అరవై దగ్గరపడింది. కళ్ళు ఎలాగూ పోతున్నాయి. ఆయనే ఒప్పుకున్నాడు, ఆయనే రాశాడు, మనం ఎవరం చెయ్యి పట్టుకుని రాయించలేదు. మేనకోడలి ఉద్యోగం నేను కాపాడతాను, మాటిస్తున్నా. ఆ టేపులు రేపే తగలబెట్టిస్తాను. బస్సు కంపెనీ మళ్ళీ ఆర్డరిస్తుంది, పాతికమందికి పని ఉంటుంది. మీరు ఒప్పించిన మొదటి తగాదా గురించి వీధంతా చెప్పుకుంటుంది. ఇందులో నష్టపోయేవాడు ఎవరో చెప్పండి."

"నేను వెళ్ళి మీ మామగారికి చెప్తే?"

"చెప్పలేరు. ఇది విడిగా చెప్పిన మాట. గది మాట గదిలోనే. రూలు మీదే కదా."

"ఇది గది కాదు బాబూ, వరండా."

"'ఎక్కడ చెప్పినా' అని ఉంది కాగితంలో. టైపు చేసింది నేనే."

గుండీలక్కకి నవ్వొచ్చింది. ఆ నవ్వు వెనకే కోపం వచ్చింది, అది ఎవరి మీదో తేలలేదు. వీడి మీద కోప్పడదామంటే, వీడు చెప్పిన లెక్కలో కూడిక తప్పు ఎక్కడా లేదు. మూడు వారాలుగా ఇద్దరు ముసలాళ్ళ మొండితనాన్ని తిట్టుకుంది. తీరా వాళ్ళు మెత్తబడిన పూట ముడి తన చేతిలోనే తేలింది. నోరు మూసుకుంటే అందరికీ కొంచెం కొంచెం మిగులుతుంది, ఒక్కడికి తప్ప. ఆ ఒక్కడు రేపు పొద్దున్నుంచీ తన కళ్ళని తిట్టుకుంటూ, వీధిలో తల వంచుకుని నడుస్తాడు. నోరు తెరిస్తే ఈ రాయబారాలన్నీ రద్దవుతాయి. తగాదాలో సంబంధం ఉన్న మనిషి మధ్యవర్తిగా పనికిరాదు. వ్యవహారం తీర్పరికి పోతుంది. తన ముప్పై ఒక్క ఏళ్ళ పేరు, ఈ వీధిలో తూకానికి మారుపేరుగా చెప్పుకున్న పేరు, దాంతోపాటే పోతుంది.

అతని మాట మోసుకెళ్ళకూడదు. నిజమే. ఆ రూలు తనదే, తనే తప్పకూడదు.

కానీ టేపు ఎవరి మాటా కాదు. దుకాణం ఎవరిదో చెప్పడానికి ఎవరి అనుమతీ అక్కర్లేదు.

"టైమెంతయింది?" అంది.

"నాలుగు నలభై."

"మీ మామగారిని కిందికి తీసుకురా. కోత బల్ల దగ్గరికి. నేను మాస్టారిని తీసుకొస్తాను."

"ఎందుకు? సంతకాలు ఇక్కడే..."

"మూడు వారాలుగా ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకోలేదు. చివరి సంతకం ఎదురెదురుగా పడాలి. అది కూడా నా రూలే."

*

మాస్టారు హాల్లో అడుగుపెట్టగానే మెషిన్లు ఒక్కొక్కటే ఆగిపోయాయి. ఎవరూ ఆపమనలేదు. యజమాని బల్లకి అవతల నిలబడ్డాడు. ఇద్దరి మధ్యా ఇత్తడి గజంబద్ద, ఏడాదిగా ఎవరూ ముట్టుకోక మసకబారి ఉంది.

గుండీలక్క నీలం కోటును బల్ల మీద పరిచింది. చెకింగ్ బల్ల దగ్గరున్న పిల్లని పిలిచింది. "నువ్వు రోజూ వాడే టేపు తెచ్చి దీని చెయ్యి కొలువమ్మా. గట్టిగా చదువు."

మేనకోడలు మావయ్య వైపు చూడకుండా వచ్చింది. మూడు వారాలుగా దొంగ రాతలు రాసిందన్న మాట పడుతున్న పిల్ల, దవడ బిగించి ఉంది. టేపు పెట్టింది.

"ఇరవై అయిదు."

"ఏంటీ?" అన్నాడు యజమాని. "మళ్ళీ పెట్టు."

"ఎన్నిసార్లు పెట్టినా ఇరవై అయిదే పెద్దయ్యగారూ. ఉన్నదే రాశాను నేను. అప్పుడూ ఎవరూ వచ్చి చూడలేదు. తిట్టడానికైతే అందరూ వచ్చారు."

"మీ ఇనుప టేపు పెట్టండి అన్నయ్యా," అంది గుండీలక్క.

ఇరవై నాలుగున్నరకి ఇవతల. అదే కోటు, అదే చెయ్యి, అదే బల్ల. యజమాని రెండు టేపులనీ మార్చి మార్చి చూశాడు. మాస్టారు మాత్రం కోటు వైపు చూడట్లేదు. అతని చూపు పిల్ల చేతిలోని పసుపు టేపు మీదుంది. చెయ్యి చాచి దాన్ని తీసుకున్నాడు. గజంబద్ద మీది మురికిని చొక్కా అంచుతో తుడిచి, ఏడాది క్రితం దాకా ప్రతి సోమవారం చేసినట్టే, టేపును దాని పక్కన పరిచాడు.

గజంబద్ద ముప్పై ఆరు దగ్గర ముగిసింది. టేపు అక్కడ ముప్పై ఏడుకి దగ్గరగా చూపిస్తోంది.

హాల్లో ఎవరో "అమ్మో" అన్నారు.

మాస్టారు నవ్వాడు. మొదట చిన్నగా, తరవాత భుజాలు అదిరేలా. కళ్ళజోడు తీసి కళ్ళు తుడుచుకున్నాడు. "నా కళ్ళు బాగానే ఉన్నాయక్కా! అయ్యా, చూశారా? నా కళ్ళు బాగానే ఉన్నాయి!"

"మాస్టారూ..." అన్నాడు యజమాని. మూడు వారాలుగా 'వాడు' అంటూ వచ్చిన నోటికి ఆ పిలుపు దానంతటదే తిరిగొచ్చింది. అల్లుడి వైపు తిరిగాడు. "ఈ టేపులు ఎక్కడివి?"

అల్లుడు గుండీలక్క వైపు చూశాడు. ఫైలును ఒక చేతిలోంచి ఇంకో చేతికి మార్చుకున్నాడు.

"నా దుకాణంలోవి అన్నయ్యా," అంది గుండీలక్క.

యజమాని జేబులోంచి మొదటిరోజు కాగితం తీశాడు. మడత విప్పి బల్ల మీద పెట్టాడు. "ఏ సంబంధమూ లేదని రాశావే చెల్లెమ్మా. ఇదిగో, నీ సంతకం."

"రాసిన రోజు తెలీదు. అరగంట నుంచి తెలుసు. అందుకే చెప్తున్నాను."

"అయితే ఈ మూడు వారాలూ?"

"చెల్లవు. నేను మధ్యవర్తిని కాదిక."

అల్లుడు చటుక్కున తేరుకున్నాడు. "అలాగైతే తీర్పరి దగ్గరికే పోతుంది మామయ్యా. ఆంటీ, మాస్టారు రాసిన కాగితం ఇలా ఇవ్వండి. అది రికార్డు. ఫైల్లో ఉండాలి."

"రెండో సంతకం పడని కాగితం రాసినవాడిది," అంది గుండీలక్క. మడతపెట్టిన కాగితాన్ని బల్ల మీదుగా మాస్టారి ముందుకి జరిపింది. మాస్టారు దాన్ని చింపలేదు. చొక్కా జేబులో పెట్టుకుని, ఆమె వైపు చూశాడు. ఆ చూపు నిండా కృతజ్ఞత. అది భరించడం తిట్లు భరించడం కంటే కష్టమనిపించిందామెకి.

"నీ పేరు పోతుందని తెలిసీ చెప్పావక్కా. ఈ వీధిలో ఇంకెవరూ చెప్పేవాళ్ళు కాదు. నీకు మాత్రం ఏం తెలుసు? వాడెవడో సరుకువాడు నిన్నూ మోసం చేసుంటాడు."

ఆ మాటని అలాగే ఉండనిస్తే సరిపోతుంది. గుండీలక్క నోరు తెరిచేలోపే మేనకోడలు అరల వెనకనుంచి వచ్చింది. చేతిలో దుమ్ము కొట్టుకున్న అట్ట డబ్బా.

"మావయ్యా, మిగిలినవి ఇందులో ఉన్నాయి. ఇంకో ఆరు టేపులు. ఇది తీర్పరికి చూపిద్దాం."

మాస్టారు డబ్బా అందుకుని మూత మీది దుమ్ము అరచేత్తో తుడిచాడు. చెయ్యి అక్కడే ఆగింది. మూత మీద నీలిరంగు పెన్సిలుతో ఒక్క మాట రాసి ఉంది. ఏళ్ళ తరబడి గుండీలక్క రాతలో బిల్లులు చూసినవాడు. ఆ 'వ' చుట్టే తీరు అతనికి తన కత్తెర గాటంత బాగా తెలుసు.

వాపసు.

పైన గోడ గడియారంలో అయిదు కావడానికి నాలుగు నిమిషాలుంది. మాస్టారు తల ఎత్తాడు. ఇందాకటి చూపు అతని కళ్ళలోంచి మెల్లగా ఇంకిపోతోంది.

"అక్కా," అన్నాడు. "ఇవి పనికిరావని నువ్వే రాసుకున్నావు. మరి మాకెందుకు ఇచ్చావ్?"